ఆపిన గోల్‌కు లెక్క ఏది?

(శింగనమలలో మహిళా సంఘాల కార్యకర్తల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



కరువు గురించి, కూలి గురించి మాట్లాడుకునే చోట ఫుట్‌బాల్ సంగతి ఎందుకని మీలో కొందరికి అనిపించవచ్చు. బోర్లు ఎండిపోయి, శెనక్కాయ పంట చేతికి రాక, ఇంటికి ఒకరో ఇద్దరో బెంగుళూరు వలస పోయే ప్రాంతం మనది. ఇక్కడ ఆటలేమిటి అని అడగవచ్చు. అయితే ఆడుకునే తీరిక ఎవరికి ఉంది? ఆడుకునే జాగా ఎవరిది? ఆట వల్ల ఎవరికి జీతం వస్తోంది, ఎవరికి దెబ్బలు మాత్రమే మిగులుతున్నాయి? ఈ ప్రశ్నలు వేసుకుంటే, భూమి గురించీ కూలి గురించీ మనం ఇన్నాళ్లుగా వేస్తున్న ప్రశ్నలకు ఇవి దగ్గరి చుట్టాలేనని తెలుస్తుంది.

ఈ రోజు ఇద్దరు ఆటగాళ్ల జీవితాలు మీ ముందు పెడతాను. ఒకరు హైదరాబాదుకు చెందిన సయ్యద్ నయీముద్దీన్. రెండవవారు మణిపూర్‌లోని ఇంఫాల్‌కు చెందిన లోయితోంగ్‌బామ్ ఆశాలతా దేవి. ఇద్దరూ భారత జట్టుకు నాయకత్వం వహించినవాళ్లు. మైదానంలో ఇద్దరిదీ ఒకటే పని. ఇద్దరూ డిఫెండర్లు. అదే పనికి మన సమాజం పురుషుడికి ఏమి ఇచ్చింది, స్త్రీకి ఏమి ఇచ్చింది అన్నదే నా మాటల సారాంశం.

ముందు డిఫెండర్ అంటే ఎవరో చెప్పుకుందాం. ఫుట్‌బాల్‌లో ఒక్కో జట్టుకు పదకొండు మంది. ముందు వరసలో ఉన్నవాళ్లు గోల్ కొడతారు. వెనక వరసలో ఉన్నవాళ్లు ఎదుటి జట్టు గోల్ కొట్టకుండా అడ్డుకుంటారు. ఆ వెనక వరసే డిఫెండర్లది. బంతి ఎటు వస్తుందో ముందుగా పసిగట్టాలి. ఎదురు వచ్చేవాళ్ల కాళ్ల నుంచి తప్పు చేయకుండా బంతి లాక్కోవాలి. పక్కవాళ్లను కేకేసి సర్దుకోమనాలి. తొంభై నిమిషాలూ చూపు మరలకూడదు. గోల్ కొట్టినవారి పేరు మరునాడు పేపర్లో వస్తుంది. గోల్ ఆపినవారి పేరు రాదు. డిఫెండర్ పేరు పేపర్లో పడేది చాలాసార్లు తప్పు జరిగినప్పుడే.

ఇది మీకు ఎక్కడో విన్నట్టుగా లేదూ? ఇంట్లో అన్నం వేళకు ఉంటే ఎవరూ మాట్లాడరు. కూర మాడితే అందరూ మాట్లాడతారు. 2024లో కేంద్ర ప్రభుత్వం జరిపిన సమయ వినియోగ సర్వేలో, జీతం లేని ఇంటిపనికి, ఆ పని చేసేవాళ్లలో స్త్రీలు రోజుకు సగటున 289 నిమిషాలు, పురుషులు 88 నిమిషాలు వెచ్చిస్తున్నారని తేలింది. జరగకుండా ఆపిన నష్టానికి, పాడు కాకుండా కాపాడిన సంసారానికి లెక్కల పుస్తకంలో గడి లేదు. డిఫెండర్ పనిని అర్థం చేసుకోవడానికి మనకంటే తగినవాళ్లు ఎవరుంటారు?

ఇక నయీముద్దీన్ సంగతి. ఆయన 1944లో పుట్టారు. ఆయన పెరిగేనాటికి హైదరాబాద్ దేశంలో ఫుట్‌బాల్‌కు పెద్ద కేంద్రం. హైదరాబాద్ సిటీ పోలీసు జట్టు 1950 నుంచి 1954 దాకా వరసగా అయిదేళ్లు బొంబాయిలో రోవర్స్ కప్ గెలిచింది. ఆ జట్టును తీర్చిదిద్దిన సయ్యద్ అబ్దుల్ రహీం బడిపంతులుగా పనిచేసిన మనిషి. ఆయన శిక్షణలోనే భారత జట్టు 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానం, 1962 జకార్తా ఏషియన్ గేమ్స్‌లో బంగారు పతకం సాధించింది. పోలీసు జట్టు డిఫెండర్ అజీజుద్దీన్ 1952, 1956 ఒలింపిక్స్ రెండింటిలోనూ ఉన్నారు. నయీముద్దీన్ నడిచింది ఆ దారిలోనే. హైదరాబాద్ పోలీసు జట్టులో ఎదిగి, 1966లో కలకత్తా వెళ్లి ఈస్ట్ బెంగాల్‌కు ఆడారు. మోహన్ బాగాన్, మహమ్మదన్ స్పోర్టింగ్ క్లబ్బులకూ ఆడారు. 1970లో బ్యాంకాక్ ఏషియన్ గేమ్స్‌లో ఆయన నాయకత్వంలో భారత జట్టు జపాన్‌ను 1-0తో ఓడించి కంచు పతకం తెచ్చింది. అదే ఏడాది ఆయనకు అర్జున అవార్డు వచ్చింది. తర్వాత శిక్షకుడిగా మారి, 1990లో ద్రోణాచార్య అవార్డు అందుకున్నారు. భారత జట్టుకు ఒకటికి రెండుసార్లు శిక్షకుడయ్యారు.

ఆయన ప్రతిభను తక్కువ చేయడం నా ఉద్దేశం కాదు. ఆ ప్రతిభ కింద ఏమి పరిచి ఉందో చూడమంటున్నాను. ఆ కాలంలో ఫుట్‌బాల్‌లో ఈనాటిలా లక్షలు లేవు. కానీ ఆడే కుర్రవాడికి పోలీసు శాఖ ఉద్యోగం ఇచ్చేది. రైల్వేలు, బ్యాంకులు, కార్ఖానాలు ఇచ్చేవి. నెల తిరిగితే జీతం. దెబ్బ తగిలితే సెలవు. ఆట మానేశాక కూడా ఉద్యోగం. "ఆడి ఏం బాగుపడతావు?" అని అమ్మానాన్నలు అడిగితే చెప్పడానికి జవాబు ఉండేది. పేద ఇళ్ల పిల్లలు ఎందరో ఆ జవాబు పట్టుకునే మైదానంలోకి దిగారు.

అదే 1970లో ఆడపిల్లల సంగతి ఏమిటి? ఆ ఏషియన్ గేమ్స్‌లో స్త్రీలకు ఫుట్‌బాల్ పోటీయే లేదు. అది 1990లో బీజింగ్‌లో మొదలైంది. ఈ ఆట పుట్టిన ఇంగ్లండ్‌లో 1920 డిసెంబరులో ఒక మహిళల మ్యాచ్‌కు యాభై వేల మందికి పైగా జనం వచ్చారు. ఏడాది తిరక్కుండానే, 1921 డిసెంబరు 5న, ఫుట్‌బాల్ స్త్రీలకు తగదని అక్కడి సంఘం తన మైదానాల్లో వాళ్లను ఆడనివ్వకుండా నిషేధం పెట్టింది. ఆ నిషేధం తొలగడానికి దాదాపు అర్ధ శతాబ్దం పట్టింది. మన దేశంలో స్త్రీల ఫుట్‌బాల్‌కు విడిగా ఒక సమాఖ్య 1975లో ఏర్పడింది. మన స్త్రీలు 1980లోనూ 1983లోనూ ఆసియా పోటీల్లో రెండో స్థానంలో నిలిచారు. ఆ సంగతి మనలో ఎంతమందికి తెలుసు? ఆడలేదు కాబట్టి గుర్తింపు రాలేదని మనకు చెబుతూ వచ్చారు. ఆడినా గుర్తింపు రాలేదన్నది అసలు చరిత్ర.

ఇప్పుడు ఆశాలతా దేవి గురించి. ఆమె 1993లో ఇంఫాల్‌లో పుట్టారు. స్త్రీలే నడిపే ఇమా కైతెల్ బజారు ఉన్న నగరం అది. పదిహేనేళ్ల వయసుకే దేశం తరఫున బాలికల జట్టులో ఆడారు. 2011లో పెద్దల జట్టులోకి వచ్చారు. జట్టు వెనక వరసకు నడుమ నిలబడి, తర్వాత కెప్టెన్ అయ్యారు. దక్షిణాసియా పోటీల్లో భారత జట్టు వరసగా సాధించిన విజయాల్లో ఆమె పాలు పెద్దది. 2019లో ఆసియాలో ఉత్తమ క్రీడాకారిణి అవార్డుకు తుది ముగ్గురిలో ఒకరిగా నిలిచారు. మిగతా ఇద్దరిదీ జపాన్, చైనా. గోకులం కేరళ జట్టుకు, తర్వాత ఈస్ట్ బెంగాల్‌కు ఆడారు. 2024 అక్టోబరులో కాఠ్మండులో పాకిస్తాన్‌తో జరిగిన మ్యాచ్‌తో, దేశం తరఫున నూరు మ్యాచ్‌లు ఆడిన తొలి భారతీయ స్త్రీ అయ్యారు. నయీముద్దీన్ ఆడిన ఈస్ట్ బెంగాల్ క్లబ్బే 2024-25లో మహిళల జాతీయ లీగ్ గెలిచింది. అర్ధ శతాబ్దానికి పైగా ఎడంతో ఇద్దరు డిఫెండర్లు ఒకే చొక్కా తొడిగారు.

చొక్కా ఒకటే గానీ దారి ఒకటి కాదు. ఆశాలత దేశం తరఫున ఆడడం మొదలుపెట్టేనాటికి స్త్రీలకు జాతీయ లీగ్ అనేదే లేదు. అది 2016-17లో వచ్చింది. మొదటి ఏడాది ఢిల్లీలో ఆరు జట్లతో కొద్ది వారాల్లోనే ముగిసింది. మిగతా పదకొండు నెలలు ఆటగాళ్లు ఏం తినాలి? మణిపూర్ పోలీసు, రైల్వే కొందరు స్త్రీలకు ఉద్యోగాలు ఇచ్చిన మాట నిజమే. కానీ పురుషులకు తెరిచిన తలుపులతో పోలిస్తే అవి కిటికీలు.

ఆమె జీవితంలో 2022 సంవత్సరాన్ని ప్రత్యేకంగా చెప్పాలి. ఆ జనవరిలో మహిళల ఆసియా కప్ మన దేశంలోనే జరిగింది. ప్రపంచ కప్‌కు వెళ్లే దారి అది. మొదటి మ్యాచ్‌లో ఇరాన్‌కు ఒక్క గోల్ కూడా ఇవ్వలేదు. ఇంతలో జట్టు బసలో కోవిడ్ పాకి, పన్నెండు మందికి పైగా మంచాన పడ్డారు. రెండో మ్యాచ్‌కు దిగడానికి చాలినంత మంది లేరు. నిబంధన ప్రకారం జట్టు పోటీ నుంచి తప్పుకున్నట్టు లెక్కగట్టారు. ఆడిన మ్యాచ్ కూడా కొట్టివేశారు. ఇంట్లోనే జరిగిన పోటీలో మన కెప్టెన్‌కు మిగిలింది ఖాళీ చేతులు.

అదే ఏడాది ఆగస్టులో ఇంకొకటి. జాతీయ ఫుట్‌బాల్ సమాఖ్యలో పదవీకాలం ముగిసినా ఎన్నికలు జరగలేదు. సుప్రీంకోర్టు ఒక పరిపాలకుల కమిటీని వేసింది. బయటివాళ్ల జోక్యం అంటూ ప్రపంచ సంస్థ ఫిఫా ఆగస్టు 15న భారతదేశాన్ని సస్పెండ్ చేసింది. సరిగ్గా అప్పుడే గోకులం కేరళ స్త్రీల జట్టు ఆసియా క్లబ్ పోటీ కోసం ఉజ్బెకిస్తాన్ చేరింది. విమానం దిగాక వాళ్లకు తెలిసింది, ఆడడానికి వీల్లేదని. పరాయి దేశంలో హోటల్ గదుల్లో కూర్చుని ప్రధానమంత్రికి విన్నపం పంపుకున్నారు. ఆగస్టు 26న సస్పెన్షన్ ఎత్తేశారు గానీ అప్పటికి పోటీ చేయి దాటిపోయింది. పెత్తనం గొడవ ఒకరిది. శిక్ష పడింది ఆ గొడవలో ఏ పాత్రా లేని స్త్రీలకు. మన ఊళ్లలో అన్నదమ్ముల తగాదాలో ముందుగా పొయ్యి ఆరిపోయేది ఎవరింట్లోనో మనకు తెలుసు కదా!

జీతాల సంగతి చూద్దాం. 2023లో సమాఖ్య ఒక ప్రకటన చేసింది. మహిళల లీగ్‌లో ప్రతి క్లబ్బూ కనీసం పదిమంది భారతీయ క్రీడాకారిణులకు ఏడాదికి 3 లక్షల 20 వేల రూపాయలకు తగ్గకుండా ఒప్పందం ఇవ్వాలని చెప్పింది. అంటే నెలకు దాదాపు 26 వేల 600. ఇది కంటితుడుపు అని నేను అనను. కనీస వేతనం అనే మాట స్త్రీల ఆటలోకి రావడమే ఒక విజయం. కానీ పదకొండో ఆమె సంగతేమిటి, మోకాలు దెబ్బతిని ఏడాది కూర్చోవలసిన ఆమె సంగతేమిటి అని అడగవలసింది మనమే. మోకాలి లిగమెంట్ తెగే ప్రమాదం పురుషులకంటే స్త్రీలకే ఎక్కువని వైద్యులు చెబుతున్నారు. ఫిఫా 2021 జనవరి నుంచి క్రీడాకారిణులకు కనీసం 14 వారాల ప్రసూతి సెలవు, మూడింట రెండు వంతుల జీతం ఉండాలని నియమం పెట్టింది. ఆ హక్కు ఒప్పంద పత్రం ఉన్నవాళ్లకే దక్కుతుంది. కాగితం లేని కూలికి హక్కు లేనట్టే, కాగితం లేని ఆటకూ హక్కు లేదు.

భద్రత మాట కూడా దాచుకోకూడదు. 2022లో 17 ఏళ్ల లోపు బాలికల జాతీయ జట్టు విదేశంలో ఉండగా, లైంగిక దుష్ప్రవర్తన ఆరోపణ మీద ఒక సహాయ శిక్షకుణ్ణి సమాఖ్య తొలగించింది. 2023లో మహిళా మల్లయోధులు ఢిల్లీ వీధుల్లో కూర్చున్నారు. దేశంలోని క్రీడా సమాఖ్యల్లో సగం దాకా చట్టం చెప్పిన ఫిర్యాదుల కమిటీ సరిగా లేదని పత్రికలు రాస్తే, జాతీయ మానవ హక్కుల కమిషన్ నోటీసులు ఇచ్చింది. తల్లిదండ్రులు ఆడపిల్లను ఆటకు పంపడానికి భయపడితే దాన్ని వెనకబాటుతనం అని కొట్టిపారేయడం తేలిక. ఆ భయానికి కారణాలున్నాయి. భయం పోవాలంటే ఉపన్యాసాలు చాలవు. ఫిర్యాదు వినే చెవి, చర్య తీసుకునే చేయి ఉండాలి.

మరో డిఫెండర్ పేరు చెబుతాను. అష్టమ్ ఉరావ్. జార్ఖండ్‌లోని గుమ్లా జిల్లా ఆదివాసీ అమ్మాయి. 2022 అక్టోబరులో మన దేశంలో జరిగిన 17 ఏళ్ల లోపు బాలికల ప్రపంచ కప్‌లో భారత జట్టు కెప్టెన్. ఆమె గౌరవార్థం ఊరికి రోడ్డు వేయాలని అధికారులు నిర్ణయించారు. ఆ రోడ్డు పనిలో రోజుకు 250 రూపాయల కూలికి మట్టి మోసినవాళ్లలో ఆమె తల్లీ తండ్రీ ఉన్నారు. కూతురి పేరు పెట్టబోయే రోడ్డుకు వాళ్లే కూలీలు. ఈ కథ చదివి దేశమంతా కంటతడి పెట్టుకుంది. మనకు మాత్రం అది వింత కాదు. ఉపాధి హామీ పథకం 2006 ఫిబ్రవరి 2న మొదలైంది ఇక్కడికి దగ్గరే, నార్పల మండలం బండ్లపల్లిలో. గంప ఎత్తిన తల్లుల బిడ్డలే మన బిడ్డలు. గౌరవం రోడ్డుకు పెట్టిన పేరులో కాక ఇంటికి వచ్చే కూలిలో, బిడ్డ తినే తిండిలో కనిపించాలని చెప్పగలిగిన అర్హత మనకుంది.

"ఇవన్నీ మణిపూర్, జార్ఖండ్ కథలు, మన పిల్లలకెక్కడ సాధ్యం?" అంటారేమో. నిజామాబాద్ జిల్లాలోని ఒక తండా నుంచి వచ్చిన గుగులోత్ సౌమ్య ఈనాడు దేశం జట్టులో ముందు వరస ఆడుతున్న తెలుగు అమ్మాయి. 2022లో క్రొయేషియాలోని డైనమో జాగ్రెబ్ క్లబ్బుకు ఒప్పందం మీద వెళ్లారు. లీగ్ గెలిచిన ఈస్ట్ బెంగాల్ జట్టులో ఆశాలతతో పాటు ఆమె కూడా ఉన్నారు. మన అనంతపురంలోనే ఆర్.డి.టి. క్రీడా ప్రాంగణం ఉంది. స్పెయిన్‌కు చెందిన లా లీగా తోడ్పాటుతో అక్కడ పల్లె పిల్లలకు, ఆడపిల్లలకు కూడా, ఫుట్‌బాల్ నేర్పారు. సాధ్యం కాదన్న మాట ఇక చెల్లదు.

అయితే ఒక మంచి సంస్థ దయ మీద నిలిచే అవకాశం హక్కు కాదు. హక్కు అంటే మన ఊరి బడిలో, మన బిడ్డకు, ఎవరినీ బతిమాలకుండా దొరికేది. స్త్రీల పట్ల వివక్ష నిర్మూలన ఒప్పందం మీద భారతదేశం 1993లో ఆమోద ముద్ర వేసింది. దాని పదో అధికరణం క్రీడల్లో ఆడపిల్లలకు సమాన అవకాశం ఇవ్వాలంటుంది. 2009 విద్యాహక్కు చట్టం షెడ్యూలు ప్రతి బడికీ ఆటస్థలం ఉండాలంటుంది. ఆరు నుంచి ఎనిమిది తరగతుల్లో వందమందికి పైగా పిల్లలుంటే వ్యాయామ విద్యకు బోధకులు ఉండాలంటుంది. బడి యాజమాన్య కమిటీలో సగం మంది స్త్రీలు ఉండాలనీ అదే చట్టం చెబుతుంది. ఆ కమిటీల్లో ఉన్నది మీరే. సంతకం పెట్టే ముందు "ఆటస్థలం ఏది? అందులో ఆడపిల్లలు ఎన్ని గంటలు ఆడుతున్నారు?" అని అడగండి.

మనం చేయగలిగిన పనులు మరి కొన్ని ఉన్నాయి. ప్రతి ఆడపిల్లకూ జనన ధృవీకరణ పత్రం తీయించి పెట్టండి. వయసు రుజువు లేనిదే ఏ జట్టూ తీసుకోదు. 2013లో స్పెయిన్‌లో ఆడడానికి ఎంపికైన జార్ఖండ్ బాలికలు ఆ పత్రం కోసం పంచాయతీ ఆఫీసుకు వెళితే వాళ్లతో నేల ఊడిపించారు, చెంపదెబ్బలు కొట్టారు. వాళ్లు వెళ్లి ఆడి మూడో స్థానంలో నిలిచి మరీ తిరిగివచ్చారు. ఆఫీసుకు ఒంటరి పిల్లను పంపకండి. సంఘంగా వెళ్లండి.

రెండోది తిండి. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం ఆంధ్రప్రదేశ్‌లో 15 నుంచి 49 ఏళ్ల స్త్రీలలో 58.8 శాతం మందికి రక్తహీనత ఉంది. రక్తం లేని పిల్ల తొంభై నిమిషాలు పరిగెత్తలేదు. ముద్ద మొదట కొడుకుకు వడ్డించే అలవాటు మన వంటింట్లోనే మారాలి.

మూడోది పెళ్లి. అదే సర్వేలో, ఇరవై నుంచి ఇరవై నాలుగేళ్ల వయసున్న ఆడవాళ్లలో 29.3 శాతం మందికి పద్దెనిమిది నిండకముందే పెళ్లయిందని తేలింది. ఆశాలత దేశపు జెర్సీ తొడిగిన పదిహేనేళ్ల వయసులో మన పిల్లలు కొందరు తాళి కట్టించుకుంటున్నారు. ఆట ఒక అమ్మాయికి పెళ్లిని వాయిదా వేయడానికి ఊరు ఒప్పుకునే కారణం కాగలదు.

నాలుగోది ఉద్యోగం. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 2024 క్రీడా విధానంలో ఉద్యోగాలలో క్రీడాకారుల వాటాను 2 శాతం నుంచి 3 శాతానికి పెంచింది. నయీముద్దీన్ కాలంలో కుర్రవాళ్లకు దొరికిన జవాబు, ఈ వాటా సరిగ్గా అమలైతే, మన అమ్మాయిలకూ దొరుకుతుంది. ఆ వాటాలో ఆడపిల్లలకు ఎన్ని ఉద్యోగాలు వచ్చాయో ఏటా అడిగి లెక్క తీసుకోవడం సంఘాల పని.

అయిదోది భద్రత. పిల్లలకు నేర్పే శిక్షకుడు ఎవరు, ప్రయాణంలో వెంట వచ్చే స్త్రీ ఎవరు, రాత్రి బస ఎక్కడ అని ముందే అడిగి తెలుసుకోండి. పనిచోట లైంగిక వేధింపుల మీద 2013 చట్టం కింద జిల్లాలో స్థానిక కమిటీ ఉండాలి. దాని సభ్యుల పేర్లు, ఫోన్ నంబర్లు బడి గోడ మీద రాయించండి. బాధితురాలు పద్దెనిమిది లోపు పిల్ల అయితే 2012 పోక్సో చట్టం ఉంది. 2025లో వచ్చిన జాతీయ క్రీడా పరిపాలన చట్టం సమాఖ్యల కార్యవర్గంలో కనీసం నలుగురు స్త్రీలు ఉండాలంటోంది. ఆ నలుగురూ ఎవరో, ఏం మాట్లాడారో అడిగేవాళ్లు కింద ఉంటేనే పైన ఆ కుర్చీలకు విలువ.

చివరగా ఒక మాట. మన బిడ్డలందరూ ఆశాలతలు కాకపోవచ్చు, కానక్కరలేదు కూడా. సాయంత్రం ఒక గంట గిన్నెలు తోమకుండా, తమ్ముణ్ణి ఎత్తుకోకుండా, బడి మైదానంలో బంతి వెనక పరిగెత్తే హక్కు మాత్రం ప్రతి పిల్లకూ ఉంది. ఆ గంట ఎక్కడి నుంచో ఊడిపడదు. ఇంట్లో ఆ పిల్ల చేసే పనిని తండ్రీ అన్నా పంచుకుంటేనే వస్తుంది. ఈ వారం మీ మీ ఊళ్లకు వెళ్లాక సంఘం పుస్తకంలో ఒక పేజీ తీసి రాయండి: మన ఊళ్లో పదేళ్లు దాటిన ఆడపిల్లలు ఎంతమంది, వాళ్లలో నిన్న ఆడుకున్నవాళ్లు ఎంతమంది. వచ్చే సమావేశానికి ఆ లెక్కతో రండి. ఎంపీడీవో దగ్గరికి, విద్యాధికారి దగ్గరికి ఆ కాగితమే పట్టుకుని పోదాం.